బోరు: రాయలసీమ వాడుకలో ఒక పొట్టి ఇంగ్లీషు మాట

బోరు (నామవాచకం, బహువచనం బోర్లు) అన్న రెండక్షరాల మాటకు ఇవాళ్టి తెలుగులో కనీసం ఐదు అర్థాలున్నాయి. నీళ్ల కోసం రాతిలోకి దింపిన సన్నని లోతైన రంధ్రం ఒకటి. వీధి మలుపులో చేత్తో కొట్టే పంపు, బోరింగు అన్న రూపంలో, ఇంకొకటి. ఇంజను సిలిండరు లోపలి గుల్ల, తుపాకి గొట్టం కొలత, మనసుకు పట్టే విసుగు మిగతా మూడు. పల్లెలో రైతు, పట్నంలో కాలేజీ విద్యార్థి, షెడ్డులో మెకానిక్కు ఒకే రోజున ఒకే మాట అంటారు, ముగ్గురి మనసులో మూడు వేరు వస్తువులుంటాయి. ఈ వ్యాసం ఆ మాటను కర్నూలు, కడప జిల్లాల పలుకుబడిలో, ముఖ్యంగా మంత్రాలయం చుట్టుపక్కల పల్లెల వాడుకలో పరిశీలిస్తుంది. అక్కడ ఈ మాట బరువు ఎక్కువ.

మంత్రాలయం తుంగభద్ర దక్షిణపు ఒడ్డున ఉంది. పాత పేరు మంచాల. రాఘవేంద్రస్వామి 1671లో ఇక్కడ బృందావన ప్రవేశం చేశారు. అవతలి ఒడ్డు కర్ణాటకలోని రాయచూరు జిల్లా. మఠం వీధుల్లో కన్నడం, తెలుగు, తమిళం, మరాఠీ ఒకేసారి వినిపిస్తాయి. 2009 అక్టోబరు వరదల్లో ఈ ఊరే నీట మునిగింది. అయినా ఒడ్డు దాటి కోసిగి, కౌతాళం, పెద్దకడబూరు వైపు పోతే నేల వానను నమ్ముకునే నేల. తుంగభద్ర దిగువ కాలువ అందిన చోట వరి కనబడుతుంది, అందని చోట పత్తి, కంది, జొన్న. కర్నూలు ఉమ్మడి జిల్లా సగటు వాన ఏడాదికి 670 మిల్లీమీటర్ల దరిదాపుల్లో ఉంటుంది, అదీ అన్ని ఏళ్లూ ఒకే తీరుగా రాదు. నది కంటి ముందు ఉండి, నీళ్లు కాళ్ల కింద వెతుక్కోవలసి వచ్చిన ఊళ్లివి. బోరు అన్న మాట ఇక్కడ అన్ని అర్థాలతోనూ పండింది.

బావి రాలిపోయిన తీరు

ఇంగ్లీషులో పూర్తి మాట బోర్‌వెల్. బోర్ అంటే తొలవడం, వెల్ అంటే బావి. తెలుగు రైతు వెనక మాటను వదిలేసి ముందు మాటను ఉంచుకున్నాడు. ఆటోరిక్షాలో రిక్షాను, సెల్‌ఫోనులో ఫోనును, డ్రిప్ ఇరిగేషన్‌లో ఇరిగేషన్‌ను వదిలేసింది కూడా ఈ పద్ధతిలోనే. బస్సు, ఫోను తీరు వేరు. ఆమ్నిబస్, టెలిఫోన్ అనే పొడుగు మాటలను ఇంగ్లీషువాళ్లే తల తీసేసి పొట్టివి చేశారు, మనకు అవి పొట్టిగానే చేరాయి. బోరు మన దగ్గర పొట్టిదైన మాట. ఆస్ట్రేలియాలో కూడా నేల తొలిచి తీసే నీటి రంధ్రాన్ని వట్టి బోర్ అనే అంటారు. అక్కడా కరవు నేలలున్నాయి, పేరు కుదించే అవసరం వాళ్లకూ వచ్చింది.

ఉత్తర భారతంలో ఇదే పనికి ట్యూబ్‌వెల్ అన్న పేరు ఎక్కువగా వాడతారు. ఆ తేడా రాతి తేడా. గంగా మైదానంలో నేల ఒండ్రు. ఎంత లోతు తవ్వినా పక్కలు కూలిపోతాయి గనుక పైనుంచి కింది దాకా గొట్టం దించాలి. అక్కడ గొట్టమే బావి. పశ్చిమ కర్నూలులో పైన కొన్ని అడుగుల మన్ను, మొరం, ఆ కింద గట్టి గ్రానైటు జాతి రాయి. మన్ను రాలకుండా పైభాగంలో మాత్రం కేసింగు పైపు దించితే చాలు, కింద రాయే గోడ. ఇక్కడ రంధ్రమే బావి. గొట్టం ముఖ్యమైన చోట గొట్టం పేరు, రంధ్రం ముఖ్యమైన చోట రంధ్రం పేరు నిలిచాయి. కృష్ణా గోదావరి డెల్టా రైతు మాట ఇంకా వేరు, అతనిది ఫిల్టరు పాయింటు.

తెలుగులోకి రాగానే ఈ మాట చివర ఉకారం చేరింది. ఊరుకు ఊళ్లు వచ్చినట్టు బోరుకు బోళ్లు రాలేదు, బోర్లు అయింది. నీరు, నీటి అన్నట్టు రూపం మారదు. బోరు నీళ్లు, బోరు మోటారు, బోరు బండి, బోరు సేద్యం అని ఏ మాట ముందైనా అట్లాగే నిలుస్తుంది. పరాయి మాటకు ఇంతకన్నా తేలికైన కాపురం దొరకదు.

నీళ్ల బోరు

బోరుకు ముందు సీమలో నీటికి ఎన్నో మాటలుండేవి. ఊటబావి, మెట్లబావి, కుంట, వంక, ఎండాకాలం ఏటి ఇసుకలో చేతులతో తోడే చెలమ. ఎద్దులు వెనక్కీ ముందుకీ నడుస్తూ తోలు బానతో నీళ్లు తోడే కపిల. భద్రిరాజు కృష్ణమూర్తి సంపాదకత్వంలో 1962లో వెలువడిన మాండలిక వృత్తి పదకోశం వ్యవసాయ పదాల సంపుటం ఆ ప్రపంచాన్ని, కనుమరుగు కాకముందే, జిల్లా జిల్లా తిరిగి పట్టుకుంది. కపిల తోలే మనిషికి, దాని తాడుకు, కప్పీకి, ఎద్దులు దిగే వాలుకు వేరువేరు పేర్లుండేవి. ఇంకా వెనక్కి పోతే, కడప జిల్లా పోరుమామిళ్ల చెరువు దగ్గర 1369 నాటి శాసనం ఉంది. విజయనగర రాకుమారుడు భాస్కరుడు వేయించిన ఆ శాసనం మంచి చెరువుకు ఉండవలసిన 12 అంగాలను, ఉండకూడని 6 దోషాలను లెక్కపెట్టి చెబుతుంది. నీటి గురించి ఈ నేల చాలా ఆలోచించింది, చాలా మాటలు పుట్టించింది. బోరు వచ్చాక వాటిలో ఎక్కువ భాగం పనిలేనివయ్యాయి.

గట్టి రాతిని వేగంగా తొలిచే గాలి సుత్తి యంత్రాలు 1966-67 బీహారు కరవు తర్వాత, యునిసెఫ్ చొరవతో, తాగునీటి కోసం దేశంలోకి వచ్చాయి. కంప్రెషరు గాలిని రాడ్ల గుండా కిందికి పంపుతుంది. చివరనున్న సుత్తి, బిట్టు రాతిని దంచుతాయి. అదే గాలి పొడిని పైకి తెస్తుంది. తాగునీటికి వచ్చిన యంత్రం సేద్యంలోకి రావడానికి ఎక్కువ కాలం పట్టలేదు. తమిళనాడులోని తిరుచెంగోడు ఈ బండ్లకు దేశమంతటా పేరుపడ్డ కేంద్రం. సీమ పల్లెలో రాత్రిపూట కొండంత చప్పుడుతో నిలబడ్డ బోరుబండి మీద తమిళనాడు నెంబరు కనబడటం మామూలు. ఎండాకాలంలో ఆ చప్పుడు ఊరంతా నిద్రపోకుండా వింటుంది, పొలం గలాయనే కాదు, మిగిలినవాళ్లు కూడా.

ఈ అర్థంలో బోరు ఏ క్రియలతో కలుస్తుందో చూస్తే దాని బతుకు తెలుస్తుంది. బోరు వేస్తారు, కొడతారు, దింపుతారు. నీళ్లు తగిలితే బోరు పడింది అంటారు. తగలకపోతే బోరు ఫెయిలు. కొన్నాళ్లిచ్చి ఆగిపోతే బోరు పోయింది, ఎండింది, ఎత్తిపోయింది. పూడిక తీస్తే ఫ్లషింగు. మోటారు ఇరుక్కుంటే బోరు కూలింది. మంత్రాలయం పక్క పల్లెలో ఇద్దరు కలిస్తే మాటలు ఇట్లా సాగుతాయి.

"ఏం మామా, బోరు ఏపిస్తివంట?"

"ఏపిస్తి అబ్బీ. ఏడు నూర్ల అడుగులు పాయ. దుమ్ము లేసె."

దుమ్ము లేసె అన్న రెండు మాటలకు వివరణ అక్కరలేదు అక్కడ. రాతిపొడి తడవకుండా పైకి వచ్చిందంటే కింద జల లేదు. అడుగుకు ఇంత అని లెక్కగట్టే బాడుగ మాత్రం నీళ్లు పడినా పడకపోయినా ఒకటే. నీళ్లు పడితే వాటిని ఇంచుల్లో కొలుస్తారు. ఇంచు నీళ్లు, రెండించుల నీళ్లు, అరించు. అడుగుల్లో దిగి ఇంచుల్లో తేలడం బోరు లెక్క. తొలి రోజుల్లో నూరు, రెండు నూర్ల అడుగుల్లో దొరికిన జల తర్వాత ఐదు నూర్లకు, వెయ్యికి దిగిపోయింది.

జల అన్న మాట ఇక్కడ ప్రత్యేకం. సంస్కృతంలో అది నీరు. సీమ రైతు నోట అది నీళ్లు పారే నేల లోపలి దారి. జల తగిలింది, జల తెగింది, జల పక్కకు పోయింది అంటాడు. వరాహమిహిరుడు బృహత్సంహితలో ఒక అధ్యాయమంతా నేలలోని నీటి సిరల గురించే రాశాడు. గ్రానైటు రాతిలో నీరు నిజంగానే పగుళ్లలో ఉంటుంది, రాయంతా పరుచుకొని ఉండదు. రెండు బోర్ల మధ్య పదడుగుల దూరమున్నా ఒకటి పడి ఇంకొకటి ఎండటానికి కారణమిది. కడప, నంద్యాల వైపు సున్నపురాతి నేలల్లో కథ మరో రకం. అక్కడ నీరు రాతిని కరిగించి గుల్లలు చేస్తుంది, బెలుం గుహలు అట్లా పుట్టినవే. గుల్ల తగిలితే నీళ్లకు కొదవ లేదు, తగలకపోతే రాయి ఎంత లోతైనా పొడిగానే ఉంటుంది.

జల ఎక్కడుందో చెప్పడాన్ని పాయింటు పెట్టడం అంటారు. ఇదీ పొట్టి మాటే, బోరుకు తోడబుట్టింది. టెంకాయను అరచేతిలో అడ్డంగా పెట్టుకొని పొలమంతా నడిచి, అది నిలువుగా లేచిన చోట పాయింటు అని చెప్పేవాళ్లున్నారు. పంగల వేపపుల్ల పట్టుకొని తిరిగేవాళ్లున్నారు. నేలలోకి విద్యుత్తు పంపి, నేల దానికి ఎంత అడ్డుపడుతుందో కొలిచి చెప్పే భూగర్భశాస్త్రజ్ఞులున్నారు. టెంకాయ పద్ధతికి శాస్త్రపు ఆధారం లేదు. అయినా అప్పు చేసి లక్షలు పెట్టబోయే మనిషి ఏ చేతినైనా పట్టుకుంటాడు. అతన్ని మూఢుడని కొట్టిపారేయడం కన్నా శాస్త్రజ్ఞుణ్ని అతని పొలం గట్టుదాకా తేవడం మేలు.

బోరు వ్యాకరణంలోకి ఎంత లోతుగా దిగిందో చూపే చిన్న మాట ‘కింద’. చెరువు కింద మడి, కాలువ కింద మడి అని పాత వాడుక. చెరువు ఎత్తున ఉండి మడి పల్లంలో ఉండేది గనుక ఆ కింద అక్షరాలా నిజం. ఇప్పుడు బోరు కింద మూడెకరాలు అంటారు. నీళ్లు పాతాళం నుంచి వస్తున్నా పొలం బోరు కిందే ఉంటుంది. చెరువు ఇచ్చిన హోదా బోరుకు బదిలీ అయింది. పెండ్లి మాటల్లో భూమి ఎంత అన్న ప్రశ్న వెంట బోరుందా అన్న ప్రశ్న వస్తుంది. పులివెందుల వైపు చీనీ తోట ఉందంటే బోరు ఉన్నట్టే. ఆ బోరు ఎండిన ఏడు చెట్లను బతికించుకోవడానికి ట్యాంకర్లతో నీళ్లు తోలిన రైతులున్నారు. చెట్టును పసిబిడ్డలా సాకి, కాపుకొచ్చిన వేళ ఎండబెట్టుకోవడం ఎంత కోతో ఆ తోటల పక్కన నడిచినవాళ్లకు తెలుసు.

పోయిన బోరు వెంట అప్పు, అప్పు వెంట వలస. కోసిగి, కౌతాళం పల్లెల నుంచి పత్తి తీతకు, మిరప కోతకు కుటుంబాలు కదలడాన్ని సుగ్గికి పోవడం అంటారు. కన్నడంలో సుగ్గి అంటే పంట చేతికొచ్చే కాలం, సంబరం. ఆ మాట తుంగభద్ర ఇవతల వలసకు పేరైంది. నల్గొండ జిల్లా ముషంపల్లిలో యాభైకి పైగా బోర్లు వేయించిన ఒక రైతుకు ఊరు బోర్ల అన్న మాటను ఇంటిపేరులా తగిలించిందని పత్రికలు రాశాయి. ఇంటిపేర్లు ఊళ్లనుబట్టి, వృత్తినిబట్టి వచ్చేవి. ఎండిన రంధ్రాలనుబట్టి వచ్చిన ఇంటిపేరు ఈ మాట చరిత్రలో అన్నిటికన్నా బరువైన పుట.

ప్రభుత్వం ఈ మాటతో ఎట్లా మెలిగిందో కూడా గమనించాలి. 1996లో తాగునీటి కోసం భూగర్భజలాల నియంత్రణ చట్టం, 2002లో నీరు, భూమి, చెట్ల చట్టం వచ్చాయి. ఈ రెండోదాన్ని ఊళ్లలో వాల్టా అంటారు. దాని ప్రకారం బోరు వేయడానికి అనుమతి, బండికి రిజిస్ట్రేషన్, బోరుకూ బోరుకూ మధ్య దూరం ఉండాలి. 2004 మే 14న ముఖ్యమంత్రిగా ప్రమాణం చేసిన వై.ఎస్. రాజశేఖరరెడ్డి తొలి సంతకం సేద్యానికి ఉచిత విద్యుత్తు మీద పెట్టారు. నిజానికి అది బోర్ల మీద పెట్టిన సంతకం, ఎందుకంటే సీమలో కరెంటు మోటారు నడిచేది ఎక్కువగా బోరు మీదే. ఆ తర్వాత పేదరైతుకు బోరు వేయించే పథకాలు వరుసగా వచ్చాయి. వాటి పేర్లు ఇందిర జలప్రభ, ఎన్టీఆర్ జలసిరి, 2020 సెప్టెంబరులో మొదలైన వైఎస్సార్ జలకళ. ఏ పార్టీ పాలించినా పేరులో జల ఉంది, బోరు లేదు. ఊళ్లో మాత్రం మూడింటికీ ఒకటే పేరు, ఉచిత బోరు.

అధికారులు పెట్టిన తెలుగు మాటలన్నీ ఓడిపోలేదు. 2000లో మొదలైన నీరు-మీరు కార్యక్రమంతో ఇంటింటా వినబడ్డ ఇంకుడు గుంత ఇప్పుడు పిల్లలకు కూడా తెలుసు. బోరుకు పెట్టిన గొట్టపు బావి మాత్రం కాగితాల్లోనే ఉండిపోయింది. ఇంకుడు గుంత వచ్చేసరికి ఆ పనికి జనం నోట ఇంకో పేరు లేదు. గొట్టపు బావి వచ్చేసరికి బోరు అప్పటికే పొలంలో ఉంది. పైగా మన బోరులో గొట్టం పైన ఉన్న కాస్తే.

బోరు నీళ్లు అన్న జంట మాటకు వేరే అర్థచ్ఛాయ ఏర్పడింది. ఉప్పగానో చప్పగానో ఉండి, బిందె అడుగున తెల్లని పొర కట్టి, పప్పు ఉడకనివ్వని నీళ్లు బోరు నీళ్లు. లోతుకు పోయేకొద్దీ రాతిలోని లవణాలు, కొన్నిచోట్ల ఫ్లోరైడు ఎక్కువవుతాయి. లీటరుకు 1.5 మిల్లీగ్రాములకు మించిన ఫ్లోరైడు పళ్లకు, ఎముకలకు చేటు. అందుకే కాలువ నీళ్లు, ఏటి నీళ్లు అన్న మాటల్లో ఉన్న తీపి బోరు నీళ్లు అన్న మాటలో లేదు.

బోరింగు

చేతిపంపుకు పల్లెల్లో బోరింగు అని పేరు. ఇది కూడా కత్తిరించిన మాటే, బోరింగ్ పంపులోంచి పంపు పోయింది. ఒకే యంత్రం తొలిచిన ఒకే రకం రంధ్రం మీద మోటారు ఉంటే బోరు, చేతి పిడి ఉంటే బోరింగు. ఇంగ్లీషులో లేని ఈ తేడాను తెలుగు తనంతట తాను కల్పించుకుంది. షోలాపూరు పంపు నమూనాను మెరుగుపరిచి, 1970లలో యునిసెఫ్ సహకారంతో రూపొందిన ఇండియా మార్క్-2 పంపు లక్షల సంఖ్యలో దేశమంతా నిలబడింది. మన బోరింగు రూపం అదే. పొడవైన ఇనుప పిడి, ముందుకు వంగిన ముక్కు, చుట్టూ సిమెంటు అరుగు.

ఈ పంపు దాదాపు 50 మీటర్ల లోతు దాకానే నీళ్లు తోడగలదు. భూగర్భజలం అంతకు దిగగానే బోరింగులు ఒక్కొక్కటే మూగబోయాయి. చాలా ఊళ్లలో ఇప్పుడు పిడి లేదు, నీళ్లు లేవు, మాట ఉంది. బోరింగు కాడ బస్సు ఆగుతుంది, బోరింగు కాడ టీ అంగడి ఉంది. ఒకప్పుడు ఆడవాళ్లు బిందెలతో వరుసకట్టి, ఊరి వార్తలన్నీ పంచుకున్న చోటు ఇప్పుడు గుర్తుగా మిగిలింది.

బోరు కొట్టడం

విసుగు అన్న అర్థంలో బోరు పట్నం నుంచి, సినిమా హాలు నుంచి, కాలేజీ నుంచి వచ్చింది. ఇంగ్లీషులో తొలిచే బోర్‌కు, విసిగించే బోర్‌కు ఒకే మూలం ఉందని తేలలేదు. తొలవడం పాత ఇంగ్లీషు నాటి బోరియన్ నుంచి వచ్చింది. విసుగు అర్థం 18వ శతాబ్ది మధ్యలో ఉన్నట్టుండి కనబడింది, ఎక్కడి నుంచో తెలియదు. సముద్రపు పోటు నదిలోకి గోడలా ఎగదన్నడాన్ని కూడా ఇంగ్లీషులో బోర్ అంటారు, అది అల అన్న అర్థమున్న ఉత్తర ఐరోపా మాట. మూడు ఊళ్ల నుంచి వచ్చిన ముగ్గురికి ఒకే పేరున్నట్టు.

తెలుగు చేసిన పని దానికి కొట్టు తగిలించడం. నాకు బోరు కొడుతోంది. ఈ కొట్టడం సుత్తి దెబ్బ కాదు. వాసన కొడుతోంది, ఉప్పు కొడుతోంది, ఎండ కొడుతోంది అన్నప్పటి కొట్టు ఇది. ఎవరూ కొట్టరు, మనకు తగులుతుంది. నాకు అన్నదాంట్లో కు విభక్తి అందుకే వచ్చింది. తమిళంలో బోర్ అడిక్కిదు, కన్నడంలో బోర్ హొడియుత్తె అంటారు. అడి, హొడి రెండూ కొట్టడమే. హిందీవాళ్లు బోర్ అవుతారు, కొట్టరు. అంటే ఒక ఇంగ్లీషు మాటను మూడు దక్షిణాది భాషలు తమ సొంత అచ్చులో పోసుకున్నాయి. మాట అరువుది, వాక్యం మనది.

ఇక్కడ ఒక చిక్కు పుట్టింది. బోరు కొట్టించినాడు అంటే పొలంలో బోరు వేయించాడా, వినేవాళ్లను విసిగించాడా? ఎవరికి అన్నది ఉంటే విసుగు, ఎక్కడ అన్నది ఉంటే నీళ్లు. మాకు బోరు కొట్టించినాడు, చేనులో బోరు కొట్టించినాడు. బోరింగు కొట్టు అంటే మూడో పని, పిడి ఆడించడం.

సీమలో విసుగుకు సొంత మాటలకు కరవు లేదు. శరీరం, మనసు రెండూ అలిసిపోతే యాష్ట. మనసు విరిగితే బేజారు, కన్నడ సరిహద్దుల్లో ఇది మరీ ఎక్కువ. బోరు వీటికి సమానం కాదు. యాష్టలో పని చేసిన అలసట ఉంది, బేజారులో బాధ ఉంది. బోరులో రెండూ లేవు, చేయడానికి ఏమీ లేకపోవడం ఉంది. పొలం పనిలో నడుము వంచిన ముసలామె బోరు కొడుతోందని అనదు, యాష్టయిందని అంటుంది. ఈ తేడాను నిఘంటువులు పట్టుకోవాలి. విసుగు అని ఒక్క మాటతో సరిపెట్టడం చాలదు.

షెడ్డులో, తుపాకిలో

మెకానిక్కు దగ్గర బోరు అంటే సిలిండరు లోపలి గుండ్రని గుల్ల. పిస్టన్ రాపిడికి అది అరిగితే పొగ వస్తుంది, లాగుడు తగ్గుతుంది. అప్పుడు గుల్లను మళ్లీ తొలిచి పెద్ద పిస్టన్ వేస్తారు, దాన్ని బోరు చేయించడం అంటారు. తుపాకుల్లో 12 బోరు అన్నది పాత ఇంగ్లీషు కొలత. ఆ గొట్టంలో సరిగ్గా పట్టే సీసపు గుండ్లు 12 కలిస్తే ఒక పౌండు తూగుతాయి. అంకె పెరిగితే గొట్టం సన్నబడుతుంది.

పోలిన దేశి మాటలు

ఉచ్చారణలో దగ్గరగా ఉన్నా సంబంధం లేని తెలుగు మాటలున్నాయి. భోరున ఏడ్చింది, బోరుమంది అన్నవి ధ్వన్యనుకరణాలు, ఇంగ్లీషు రాకముందు నుంచీ ఉన్నవి. బోర్లా పడటం, బోర్లించడం ముఖం నేలకు ఆనించడానికి సంబంధించినవి. కడపలో కలెక్టరు కచేరీలో పని చేసి తెలుగుకు జీవితం ధారపోసిన సి.పి. బ్రౌన్ 1852లో తెలుగు-ఇంగ్లీషు నిఘంటువు ప్రచురించాడు. 1854లో తెలుగులో వాడే పరభాషా పదాలకు మిశ్రభాషా నిఘంటువు వేరుగా తెచ్చాడు. కచేరీ మాటలను, సంత మాటలను తక్కువ చేయకుండా ఎక్కించిన ఆ ఓపిక ఇవాళ బోరు వంటి మాటలకు కావాలి. పొలంలో బోరు ఆయన తర్వాతి కాలపుది. ఆయన కాలంలో నీటి మాట అటు నుంచి ఇటు కాదు, ఇటు నుంచి అటు పోయింది. తమిళపు అణైకట్టు ఇంగ్లీషులో యానికట్ అయింది. 1860లలో మద్రాసు ఇరిగేషన్ కంపెనీ సుంకేసుల దగ్గర తుంగభద్రకు అడ్డంగా అటువంటిదాన్నే కట్టించి కర్నూలు-కడప కాలువను తీసింది.

పత్రికల బోరుబావి

మాటల్లో రాలిపోయిన బావి అచ్చులో తిరిగి వస్తుంది. పత్రికలు బోరుబావి అని రాస్తాయి. కన్నడ పత్రికలు కొళవె బావి అంటాయి, కొళవె అంటే గొట్టం. తమిళం ఆళ్‌తుళై కిణరు అంటుంది, లోతు రంధ్రపు బావి అని. తమిళ లిపిలో పకార బకారాలకు ఒకటే అక్షరం గనుక అక్కడ బోరును పోరు అని రాయాలి, పోరు అంటే వాళ్లకూ మనకూ యుద్ధమే.

తెలుగు పత్రికల్లో బోరుబావి అన్న పూర్తి మాట ఎక్కువగా ఒక వార్తకే వస్తుంది. పోయిన బోరులో బిడ్డ పడిన వార్త అది. 2006 జులైలో హర్యానాలోని కురుక్షేత్ర దగ్గర ఐదేళ్ల బాలుడు పడినప్పుడు దేశమంతా టీవీల ముందు కూర్చుంది. దాదాపు రెండు రోజుల తర్వాత సైనికులు ఆ బాలుణ్ని ప్రాణాలతో తీశారు. తర్వాతి బిడ్డల్లో చాలామంది దక్కలేదు. 2017లో తమిళంలో వచ్చి, మరుసటి ఏడు కర్తవ్యం పేరుతో తెలుగులోకి వచ్చిన నయనతార సినిమా కథ ఇదే.

సుప్రీంకోర్టు 2010లో ఫిబ్రవరిలోనూ, ఆగస్టులోనూ ఇచ్చిన ఆదేశాలు స్పష్టంగా ఉన్నాయి. బోరు వేయడానికి 15 రోజుల ముందు అధికారులకు తెలపాలి. వేసేటప్పుడు చుట్టూ కంచె, బోర్డు ఉండాలి. కేసింగు చుట్టూ సిమెంటు దిమ్మె కట్టి, మూతిని ఇనుప పలకతో వెల్డింగు చేసి గానీ బోల్టులు బిగించి గానీ మూయాలి. వదిలేసిన బోరును అడుగు నుంచి నేలమట్టం దాకా మన్ను, ఇసుక, గులకరాళ్లు, తొలిచినప్పుడు వచ్చిన పొడితో పూడ్చాలి. దుమ్ము లేచిన రోజున బండి పక్కనే కుప్పబడ్డ పొడి ఆ పనికి పనికొస్తుంది. కేసింగు పైపు అమ్ముకుందామని పీకేసి, మూతి మీద ఒక బండో గోనెసంచో కప్పి పోవడం వల్ల ఆరున్నర అంగుళాల ఆ రంధ్రం కాస్తా పై మన్ను రాలి వెడల్పవుతుంది. అందులో పెద్దలు పట్టరు, ఆడుకునే బిడ్డ పడిపోతుంది.

మీ చేనులో గానీ, మీ ఊరి గట్టున గానీ పోయిన బోరు ఒకటుంటే, పొద్దు గూకేలోగా పోయి దాని మూతి చూడండి. తెరిచి ఉంటే పూడ్చండి.